మన బిడ్డ కాదు

ఆమె పేరు సూల్వాయ్ అనాలట, చివర గ పలకరట వాళ్ల నార్వేలో, ఆర్నెల్లుగా మెయిళ్లలో సోల్వెయిగ్ అని చదువుకున్న నేను మొదటి పలకరింపులోనే తప్పుగా పలికాను, ఆమె నవ్వింది, అయినా నా భయం తగ్గలేదు, ముప్పై ఏళ్లుగా హంతకుల కథలు రాసి దేశదేశాల జనానికి నిద్ర లేకుండా చేసిన మనిషి చెన్నై షోళింగనల్లూరు ఆఫీసులో నా ఎదురుగా కూర్చుంది, చేతిలో ఇక్కడ తీయడానికి రాస్తూ నేను మార్చేసిన ఆమె కథే ఉంది, పక్కన ప్రొడ్యూసర్ సుందర్‌రాజ్ సార్ ఏసీలో కూడా మెడ తుడుచుకుంటూ, నువ్వే చెప్పుమా నివేదితా, ఎందుకు మార్చినావో నువ్వే చెప్పు, అంటున్నారు, మార్చింది ఒక్క సీనే, కానీ ఆమె సీరియల్ మొత్తం దాని మీదే నిలబడింది, గడ్డకట్టిన రేవులో ఒక అమ్మాయి శవం, మార్చురీలో తల్లి గుర్తుపడుతుంది, పోలీసులు హంతకుడి వెంట పడతారు, మంచు తీసేసి మన ఎన్నూరు రేవు పెట్టమన్నారు సార్, పెట్టాను, బూడిద కలిసిన నీళ్లు, పడవలు, పవర్‌హౌస్ పొగగొట్టాలు అన్నీ కుదిరాయి, ఆ తల్లి చేపలమ్మే పొన్నమ్మ అయింది, కానీ శవం మీద గుడ్డ తీసే చోటికి రాగానే నా చెయ్యి ఆగిపోయేది, చివరికి ఒకరోజు పొన్నమ్మే అనేసింది, ఇది నా బిడ్డ గాదు సామీ, అని, బయటికొచ్చి మెట్ల మీద కూలబడి నవ్వింది, కూతురు ఇల్లు చేరింది, పొన్నమ్మకు మాత్రం అన్నం దిగలేదు, మర్నాడు మళ్లీ వెళ్లి, ఆ బిడ్డ ఎవురి బిడ్డ సామీ, ఎవురన్నా వచ్చినారా, అని అడిగింది, ఎవరూ రాలేదు, ఇక వెతికేది పోలీసులు కాదు, పొన్నమ్మే.

ఇది నీకెక్కడ దొరికింది, అంది సూల్వాయ్, అబద్ధం చెప్పొచ్చు, ఊహించానని చెప్పొచ్చు, కానీ నోరు ముందే తెరుచుకుంది, వరదలప్పుడు మా అక్క భరణి ఇంటికి రాలేదు, ఫోన్లు కలవడం లేదు, ఆస్పత్రిలో ఎవరో అమ్మాయి శవం ఉందని పిలిస్తే అమ్మ నడుముల్లోతు నీళ్లలో అక్కడికి వెళ్లింది, తిరిగొచ్చి తొండియార్‌పేట ఇంటి గడపలో నన్ను వాటేసుకుని, మన బిడ్డ గాదే, మన బిడ్డ గాదు, అంటూ పగలబడి నవ్వింది, అక్క స్నేహితురాలింట్లో క్షేమంగా ఉంది, వచ్చేసింది కూడా, కానీ మర్నాడు అమ్మ కొత్త చీర ఒకటి సంచిలో పెట్టుకుంది, ఎక్కడికే అంటే, ఆ పిల్ల ఆడ అట్నే పడుండాది, కప్పొస్తా, అంది.

సూల్వాయ్ చేతిలో కాగితాలు బల్ల మీద పెట్టేసింది, అయిపోయింది నీ పని నివేదితా అనుకున్నాను, అప్పుడు మెల్లగా మొదలుపెట్టింది, మా ఊరి నాటకశాలకు తల్లీకూతుళ్ల నాటకాలు రాసేదాన్ని, కుర్చీలు ఖాళీ, ఒక్క థ్రిల్లర్ రాశాను, అది ఆడింది, అప్పట్నించి ఎవరు పిలిచినా చచ్చిందెవరు అనే అడిగారు, డ్రామా తీసేవాళ్లు నన్ను పిలవనే లేదు, నీ పొన్నమ్మలో రెండూ ఉన్నాయి, తర్వాత ఏమవుతుందోనని నాకే ఆత్రంగా ఉంది, అని సార్ వైపు తిరిగి, ఇదే తీయండి, రచయితగా ఈ అమ్మాయి పేరే వేయండి, అంది, సార్ కర్చీఫు జేబులో పెట్టుకుని అందరికీ కాఫీ చెప్పారు.

క్యాబ్ ఎక్కాను, రోడ్డు నిండా టూవీలర్లు, ఎంత హారన్ కొట్టినా కోపం రావడం లేదు, ఇంకొక్క భయం మిగిలింది, అమ్మ, ఆ నవ్వును ఊరందరికీ చూపించబోతున్నానని అమ్మకు తెలీదు, ఫోన్ చేసి చెప్పేశాను, నేను నవ్విందీ రాసినావా, అంది, రాశానమ్మా, వద్దంటే తీసేస్తాను, అన్నాను, ఎందుకు తీసేది, నవ్వినాను గదా, అంది అమ్మ మామూలుగా, ఇన్నేళ్లూ పరాయి బిడ్డ చావు ముందు అమ్మ నవ్విందని సిగ్గుపడి ఎవరికీ చెప్పుకోలేదు నేను, సిగ్గెందుకు, అంత గట్టిగా నవ్వగలిగిన మనిషే కదా మర్నాడు చీర తీసుకుని వెళ్లింది.