పాట పోయిన ఆటలు

బావది వీడియోలు తీసే పని. కంప్యూటరుకు తగిలించిన డిస్కులో చోటు చాలలేదని, బావమరిది సీడీల నుంచి అందులోకి ఎక్కించి దాచుకున్న పాత గేములను తనే కూర్చుని కుదించాడు. అడగలేదు. బావమరిది పని నుంచి వచ్చేసరికి బావ కుర్చీలో వెనక్కి వాలి ఉన్నాడు.

"నువ్వు నెల నుంచి నాన్చుతున్న పని ఒక్కపూటలో అవగొట్టాను. ఏడొందల ఎంబీ గేము వందకొచ్చింది, చూసుకో."

"వందకా?"

ఎంత కుదించినా సగానికి వస్తే గొప్ప. బావమరిది కార్ల పందెం తెరిచాడు. బొమ్మ వచ్చింది, కారు కదిలింది. పాట రాలేదు. ఇంకోటి తెరిచాడు. అదీ మూగదే.

"బావా, కుదించే ప్రోగ్రాంకు ఏ ఫైలు ఇచ్చావు?"

"ప్రతి ఫోల్డర్లోనూ మొదటిది. మిగతావన్నీ తునకలు, ఒకటేమో నాలుగు లైన్ల చీటీ. ఊడ్చేశాను."

"ఆ చీటీయే ఇవ్వాలి. ఏది ఏ వరసలో రావాలో అందులో ఉంటుంది. ఆ తునకలే పాటలు."

"గేము ఆడుతోందిగా. పాట కావాలంటే నువ్వే పాడుకో. వద్దులే, పక్కింటివాళ్లు ఇల్లు ఖాళీ చేస్తారు."

బావమరిది నవ్వలేదు. మూలనున్న పెట్టెలోంచి ఆ గేముల అసలు సీడీ ఒకటి తీసి కిటికీ వెలుగుకు పట్టాడు. వెండిపూత రాలి జల్లెడలా ఉంది. పెట్టెలో అన్నీ అంతే. మళ్లీ కాపీ తీసే దారి లేదు.

చెరిపిన ఫైళ్లు వెంటనే పోవు. వాటి మీద కొత్తవి ఎక్కితేనే పోతాయి. తెర మూలకు చూశాడు. పెళ్లి వీడియో గేములున్న డిస్కులోకే ఎక్కుతోంది. నూటికి పద్నాలుగు వంతులు అయింది.

"ఆపు బావా."

"పెళ్లివాళ్లు రేపొస్తారు."

"నీ వీడియో ఎలాగూ కెమెరా కార్డులో ఉంది. నావి ఇంకెక్కడా లేవు."

"డిస్కు నాది."

"చెరిపినవి నావి."

"నా ఇంట్లో తింటూ నాకే ఎదురు చెప్తున్నావు. బొమ్మలాటల కోసం."

"అవును. వాటికోసమే."

పదిహేను.

మాటలు విని అక్క గుమ్మంలోకి వచ్చి నిలబడింది. బావమరిది వంగి వైరు లాగేశాడు. డిస్కు చేతిలోకి తీసుకున్నాడు.

"అది పట్టుకుని గడప దాటితే మళ్లీ రాకు," అన్నాడు బావ.

"ఎన్ని దక్కుతాయో చూసుకుని డిస్కు పంపిస్తాను. నేను రాను."

అక్క మొగుణ్ణి చూసింది, తమ్ముణ్ణి చూసింది. గుమ్మంలోంచి పక్కకు జరిగింది.