ఇద్దరు ముందు, ఒకడు వెనక

నాలుగు మూడైతే మిగిలిన ఆ ఒక్కటీ ఎవడు తిన్నాడు అని నేను ఆ రోజే అడిగాను, రియోలో మా డివిజన్‌ను కుట్లు విప్పి మళ్లీ కుట్టిన రోజున, అమెరికా వాళ్ల పుస్తకం చేతపట్టుకుని కెప్టెన్ పెసాన్య నల్లబల్ల మీద గీతలు గీస్తుంటే, పాత పద్ధతి ఫ్రెంచి వాళ్లు నేర్పింది, డివిజన్‌కు నాలుగు రెజిమెంట్లు, జతకు జత, ఇప్పుడు మూడే, రెజిమెంటుకు మూడు బెటాలియన్లు, బెటాలియన్‌కు మూడు కంపెనీలు, కంపెనీకి మూడు ప్లటూన్లు, ప్లటూన్‌కు మూడు దళాలు, ఎక్కడ చూసినా మూడే, పొయ్యిరాళ్ల లెక్క, రెండు ముందుకు పోతాయి, ఒకటి వెనక ఆగుతుంది, అర్థమైందా అంటాడు కెప్టెన్, అర్థమైంది గానీ కెప్టెన్ గారూ, ఆ నాలుగోది ఎటు పోయిందండీ అన్నాను, గదంతా నవ్వింది, నీది మినాస్ రాష్ట్రం కదూ అన్నాడాయన, అవునండీ అంటే, అనుకున్నాలే, దేవుడు దిగొచ్చి వరమిస్తానన్నా మీ వాళ్లు ముందు ఆయన గుప్పిట తెరిచి చూపించమంటారు అన్నాడు, నవ్వితే నవ్వారు, అనుమానం అన్నం పెట్టదు గానీ ఉన్న అన్నాన్ని పోనివ్వదు, మా అమ్మ మాట అది, ఇప్పుడు ఈ ఇటలీ కొండ కింద, రాతిగోడ చాటున, నా దళంతో పాటు చలికి కాళ్లు నేలకేసి తన్నుకుంటూ మళ్లీ అలాంటి లెక్కే వేస్తున్నాను, ముగ్గురు సార్జెంట్లలో ఇద్దరు ముందుకు పోయారు, ఒకణ్ణి వెనక ఉంచారు, ఆ ఒకణ్ణి నేనెందుకయ్యాను.

నిన్నటిదాకా ఇలా లేదు, లెఫ్టినెంట్ ఔరేలియో ప్లటూన్‌లో మొదటి దళం గెర్వాజియోది, రెండోది నాది, మూడోది నెస్టర్‌ది, ముందుకు పోవాలంటే నేనూ గెర్వాజియో, వెనక నెస్టర్, ఎవరూ చెప్పనక్కర్లేకుండా అలా నడిచిపోయింది, నిన్న మధ్యాహ్నం నేను డబ్బా చిక్కుడుగింజలు వేడి చేసుకుంటుంటే లెఫ్టినెంటు వచ్చి, డెల్ఫీనో, రేపు నువ్వు వెనక, నీ చోట నెస్టర్ పోతాడు అన్నాడు, ఎందుకండీ అన్నాను, ఊరికే మార్చానయ్యా అన్నాడు, ఊరికేనట, ఊరికే ఎవడైనా ఏదైనా చేస్తాడా ఈ లోకంలో, అంతకుముందే నా కళ్లతో నేను చూశాను, పశువుల కొట్టం పక్కన లెఫ్టినెంటూ గెర్వాజియో, గెర్వాజియో చేతులు తిప్పుతూ ఏదో గట్టిగా చెబుతున్నాడు, ఆయన కాదు కాదని తల ఊపుతున్నాడు, నేను మలుపు తిరిగేసరికి ఇద్దరికీ ఒక్కసారే దగ్గు వచ్చింది, ఏంటి కొంపాద్రే సంగతి అన్నాను, ఏం లేదు కొంపాద్రే, మంచు గురించి అన్నాడు, మంచు గురించి మాట్లాడటానికి చేతులు తిప్పాలా, కొంపాద్రే అంటే మాటలా, నా కూతురు జెనీకి బాప్తిస్మం చేయిస్తే చర్చిలో జ్ఞానతండ్రిగా దాన్ని ఎత్తుకున్నది వీడు, ఆ రోజు నుంచి వాడికి నేనూ నాకు వాడూ కొంపాద్రే, అన్నదమ్ములు ఆస్తి కోసం కొట్టుకోవచ్చు గానీ కొంపాద్రేలు ఒకరికొకరు అబద్ధమాడకూడదు, మా ఊళ్లో అలా ఆడినవాడి ఇంట కాఫీ కూడా తాగరు.

పైగా సిగరెట్లు, నిన్న సాయంత్రం వచ్చి నా చేతిలో పెట్టాడు, ఒక సిగరెట్టు కాదు, పెట్టె, సీలు విప్పని పెట్టె, ఉంచుకో కొంపాద్రే నాకు గొంతు బాగాలేదు అన్నాడు, మా మినాస్ వాడు అడక్కుండా ఇచ్చాడంటే పుచ్చుకునేవాడు వెంటనే తన జేబులు తడుముకోవాలి, మా వైపు ఇళ్లలో భోజనాల బల్లకి సొరుగులుంటాయి, తింటుండగా గడపలో చుట్టం కనబడితే పళ్లెం సొరుగులోకి తోసేసి, అయ్యో ఇప్పుడే తిని లేచామండీ అనడానికి, గెర్వాజియో ఇంటి బల్లకి మనిషికో సొరుగుంది, వాళ్ల నాన్న దగ్గరుండి చేయించుకున్నాడు, ఇంటికి తాళం వేసి వీధి చివరిదాకా పోయి మళ్లీ వెనక్కొచ్చి తాళం లాగి చూసే మనిషి గెర్వాజియో, కొట్లో చిల్లర మూడుసార్లు చూసుకునే మనిషి, అలాంటివాడు పెట్టెకు పెట్టె ఇచ్చేస్తే నేనేమనుకోవాలి, ఏదో తీసుకున్నాడు, దానికి బదులు ఇస్తున్నాడు, అంతే అనుకోవాలి.

ఏం తీసుకున్నాడో కూడా నాకు తెలుసు, తెలుసేమిటి, మూడు రకాలుగా తెలుసు, అదే నా ఖర్మ, మొదటిది పెద్ద సార్జెంటు చోటు, మా ప్లటూన్ పెద్ద సార్జెంటు కాళ్లు మంచుకు నల్లబడి ఆసుపత్రికి పోయాడు, ఆ కుర్చీ ఖాళీగా ఉంది, ఇవాళ కొండెక్కేటప్పుడు లెఫ్టినెంటు కళ్ల ముందు ఎవడుంటే వాడికే అది, వాడు ముందుండి నన్ను వెనక్కి నెట్టాడన్నమాట, లేదా నా చేతులు, డిసెంబరు నుంచి పొద్దున పూట నా చేతులు వణుకుతున్నాయి, చలికే, చలికి కాకపోతే ఇంకెందుకు, కాఫీ ఒలికిపోతే వాడొక్కడే చూశాడు, చూడనట్టు మొహం తిప్పుకున్నాడు, అప్పుడు తిప్పుకున్న మొహం నిన్న లెఫ్టినెంటు వైపు తిప్పి చెప్పేశాడేమో, డెల్ఫీనో పనికిరాడండీ అని, లేదా జుదీత్, నా పెళ్లాం, రైలెక్కే రోజు స్టేషనులో నేను మూట సర్దుకుంటుంటే వాణ్ణి పక్కకు పిలిచి ఏదో చెప్పింది, చేతిరుమాలుతో కళ్లు తుడుచుకుంది, ఏం చెప్పిందిరా అంటే, పిండి డబ్బాలో చీమలు పడుతున్నాయట అన్నాడు, చీమలకు ఏడుస్తుందా మనిషి, మీ కొంపాద్రేని వెనక వరసలో ఉంచన్నయ్యా అని చెప్పి ఉంటుంది, నా పెళ్లాం, నా కొంపాద్రే కలిసి నన్ను పళ్లెంలాగా సొరుగులోకి తోశారు, ఈ మూడింటిలో ఏది నిజమైనా నాకు తలవంపే, నా వెనక కూర్చున్న నా మనుషులు కూడా అదే అనుకుంటున్నారు, ఇందాక తిబుర్సియో అన్నాడు, ఏం సార్జెంటు గారూ, ఇవాళ మనం యుద్ధానికొచ్చామా పెళ్లి భోజనానికొచ్చామా అని, నోరుమూసుకో అన్నాను, మూసుకున్నాడు గానీ నవ్వు మూయలేదు.

నాకసలు ఈ వెనక అనే మాటే పడదు, డివిజన్‌ను ఒక్కసారిగా పంపించారా, లేదు, సావో పాలో వాళ్ల రెజిమెంటు మొదటి ఓడలో, మేము తర్వాత, ఎందుకండీ అంటే వరస అన్నారు, ఎవడు పెట్టిన వరస, ఓడలో అయితే ఎటు పోతున్నామో కూడా చెప్పలేదు, ఎండ ఎటు పడుతోందో చూసి నేనే చెప్పాను ఆఫ్రికా వైపని, గెర్వాజియో నమ్మలేదు, మూడు పూటలు ఎండ చూసి అప్పుడు నమ్మాడు, అప్పుడు ఇద్దరం ఒకే వైపు అనుమానపడేవాళ్లం, హాయిగా ఉండేది, ఇవాళ తెల్లారి కాఫీ దగ్గర వాణ్ణి నిలదీశాను, కొంపాద్రే, నా గురించి లెఫ్టినెంటుకు ఏం చెప్పావు, నీ గురించి చెడు చెబుతానా, అది కాదు నేనడిగింది, ఏం చెప్పావు, కాఫీ చల్లారిపోతోంది తాగు, నా కాఫీ సంగతి నేను చూసుకుంటా, ఏం చెప్పావో చెప్పు, వాడు పైకి చూశాడు, కొండ కేసి, చెబితే నువ్వు ఊరుకోవు, సాయంత్రం చెబుతా అన్నాడు, ఆ సాయంత్రం అన్న మాటకి నాకు ఒళ్లు మండింది, పెద్ద సార్జెంటు చోటు కావాలంటే నన్నడిగితే నేనే నీకు వదిలేసేవాణ్ణి గదా, దొంగచాటుగా తీసుకోవడమెందుకు అనేశాను, పక్కన జనం ఉన్నారు, అయినా అన్నాను, వాడి మొహం పాలిపోయింది, తాగుతున్న కాఫీ మంచులో పారబోశాడు, సరే డెల్ఫీనో అన్నాడు, కొంపాద్రే అనలేదు, తొమ్మిదేళ్లలో మొదటిసారి పేరు పెట్టి పిలిచి, తుపాకీ తగిలించుకుని వెళ్లిపోయాడు.

అదిగో, మొదలైంది, పైన మిషనుగన్ను, ఆగి ఆగి, చింకిగుడ్డ చింపినట్టు, పొగమంచు పలచబడింది, గోడ మీదుగా తల ఎత్తితే వాలు మొత్తం కనబడుతోంది, గెర్వాజియో దళం ఎడమ వైపు, నెస్టర్ దళం కుడి వైపు, సగం దూరం బాగానే పోయారు, ఆ చెస్ట్‌నట్ చెట్లు దాటాక ఇక చాటు లేదు, అందరూ నేలకు అంటుకుపోయారు, సరిగ్గా డిసెంబరు దాడిలో లాగే, అప్పుడు అలా పడుకున్నది నేనూ గెర్వాజియో, పొట్ట కింద బురద, తల మీద తూటాలు, పుస్తకం ప్రకారం ముందు రెండూ ఇరుక్కుంటే పైనుంచి ఆర్డరు అందగానే మూడోది పక్కనుంచి చుట్టి రావాలి, రాలేదు, వెనక నెస్టర్ ఇదే గోడలాంటి గోడ దగ్గర ఆర్డరు కోసం కూర్చున్నాడు, ఆర్డరు రాలేదు, తర్వాత తెలిసింది, వాడి పైన కంపెనీలో వెనక ప్లటూన్ కూడా ఆర్డరు కోసమే కూర్చుందట, దాని పైన వెనక కంపెనీ, దాని పైన వెనక బెటాలియన్, డివిజన్ అడుగు నుంచి నెత్తి దాకా వెనకున్నవన్నీ పైవాడి మాట కోసం చూస్తూ కూర్చున్నాయి, నెస్టర్ చెడ్డవాడు కాడు, ఏడ్చాడు కూడా, ఆర్డరు రాలేదు నేనేం చెయ్యను అన్నాడు, నిజమే, వాడేం చేస్తాడు, వాడు పుస్తకం చదివినవాడు, ఆ రోజు గెర్వాజియో దళంలో లాదిస్లావ్ నెత్తురు కారి కారి చచ్చిపోయాడు, గెర్వాజియో చేయి వాడి గాయం మీదే ఉంది, మెడ మాత్రం అస్తమానం వెనక్కి తిరుగుతూనే ఉంది, వస్తున్నారా, వస్తున్నారా కొంపాద్రే అని నన్నడుగుతూనే ఉన్నాడు, చీకటి పడ్డాక పాక్కుంటూ దిగాం, ఆ తర్వాత వారం దాకా వాడు మెడ పట్టేసిందనేవాడు.

లెఫ్టినెంటు ఏడి, కనబడడు, ఆయన దగ్గరుండే టెలిఫోను తీగ మోసేవాడు పక్కకు ఒరిగి పడున్నాడు, అంటే ఆర్డరు రాదు, ఇవాళ కూడా రాదు, కుడి వైపు నెస్టర్ మనుషులు ఒకళ్ల తర్వాత ఒకళ్లు వెనక్కి తిరిగి చూస్తున్నారు, నెస్టర్ కూడా, వాడి తెల్లమొహం నాకు ఇక్కడికి కనబడుతోంది, ఎవరైనా వస్తున్నారా అని, చూడాలి మరి, ప్రాణం మీదికొస్తే ఎవడైనా వెనక్కి చూస్తాడు, ఎడమ వైపు గెర్వాజియో, రాయి వెనక పడుకుని కాలుస్తున్నాడు, గుళ్లు మార్చుకుంటున్నాడు, తన వాళ్లకు చేత్తో ఇటు అటు అని చూపిస్తున్నాడు, కాలుస్తున్నాడు, ఏదో తేడాగా ఉంది, ఏమిటది, ఏదో ఉండాల్సింది లేదు, వాడు వెనక్కి చూడటం లేదు, ఇంతసేపట్లో ఒక్కసారి కూడా చూడలేదు, ఎందుకు చూడడు, పొద్దున నేనన్న మాటకి కోపమా, కోపమైతే ఇంకా చూడాలి గదా, వీడు వస్తాడో రాడో అని, తాళం లాగి చూసేవాడు, ఎండని మూడు పూటలు చూస్తే గానీ నమ్మనివాడు, డిసెంబరులో మెడ విరిగేలా తిరిగి తిరిగి చూసినవాడు, ఇవాళ చూడటం లేదు, అంటే చూడక్కర్లేదనుకున్నాడు, అంటే వెనక ఎవడున్నాడో వాడికి తెలుసు, తెలిసే వెళ్లాడు, అందుకేనా ఆ చేతులు తిప్పడం, అందుకేనా ఆయన కాదు కాదంటే వాడు అంత గట్టిగా చెప్పడం, చెస్ట్‌నట్లు దాటి నేను పోతాను గానీ వెనక డెల్ఫీనోని ఉంచండి, ఆర్డరు రాకపోయినా వచ్చేవాడు వాడొక్కడే అని, పుస్తకం అంటే నవ్వేవాడు వాడొక్కడే అని, పుస్తకాన్ని కాదని చేసేవాణ్ణి వెనక ఉంచమని లెఫ్టినెంటుని అడిగితే ఆయన ఏమంటాడు, నాకు చెబితే నేనేమంటాను, నేనే ముందు పోతా, నువ్వే వెనక ఉండు అని పేచీ పెట్టేవాణ్ణి, ఊరుకునేవాణ్ణి కాదు, పొద్దున వాడన్నది అదే.

చోటు కాదు, చేతులు కాదు, జుదీత్ కాదు, వాడు నన్ను తోసెయ్యలేదు, దాచిపెట్టలేదు, తన వెనక నిలబెట్టుకున్నాడు, మూడు దళాలను రాసిన అమెరికా వాడికి కూడా తెలియదు మూడోవాడు ఎవడై ఉండాలో, గెర్వాజియోకి తెలుసు, నేను జనం ముందు దొంగ అన్నాక కూడా, ఆ మాట మోసుకుని కొండెక్కాక కూడా, వాడు నన్ను అనుమానించలేదు, ఇంత చేసీ నేను గోడ చాటున కూర్చుని వాడి లెక్కలు తీస్తున్నాను, తిబుర్సియో, అందరినీ లేవమను, ఆర్డరొచ్చిందా సార్జెంటు గారూ, రాలేదు, ఎడమ పక్క వాగులోంచి పోదాం, తలలు వంచుకుని నా వెనకే రండి, అని గోడ దాటాను, వాడు ఇంకా వెనక్కి చూడటం లేదు.