కారుకి గీత పడింది

అన్నం చల్లారిపోతోంది, రమ్మన్నాను. నిన్న నేను చేసిన నేరం అదొక్కటే. ఇప్పుడు బందరు పెద్దాసుపత్రిలో, విరిగిన ఎడమచేతిని తువ్వాల్లో వేలాడేసుకుని కూర్చున్నాను. పక్కన మా అత్త, నా సొంత మేనత్తే, చెవిలో ఒకటే పోరు.

"రొయ్యల షెడ్డులో ఐసు మీద జారిపడ్డానని చెప్పవే దుర్గా. కోపమొస్తే వాడికి ఒళ్ళు తెలీదు. నీకు తెలీందేముంది?"

ఒళ్ళు తెలీదట! పెళ్ళయిన దగ్గర్నుంచీ ఇదే మాట. మొదటిసారి పెదవి చిట్లినప్పుడు మోహన్ బావ నా కాళ్ళు పట్టుకుని ఏడ్చాడు, "కంట్రోల్ తప్పిందే" అని. నమ్మాను, పిచ్చిమొహాన్ని. పొద్దున్నే వండిపెట్టి, షెడ్డుకెళ్ళి రోజంతా నిలబడి రొయ్యలు ఒలిచి, మళ్ళీ వచ్చి వండిపెట్టాను. ఐసులో నానీ నానీ నా వేళ్ళు తెల్లగా చివికిపోయాయి. ఒక్కనాడూ బావ వాటివంక చూడలేదు. చేతిలో పట్టుకుని ఆడుకునే ఆ గేమ్ మిషన్లో మాత్రం కారు టైర్లు అరిగిపోతున్నాయని బెంగ! "పిల్లలాట అనుకున్నావా? అచ్చం నిజం రేసే. గీత పడితే పడినట్టే. మలుపులో బ్రేకు వెంట్రుకవాసి లేటైతే గోడకే" అని నాకు పాఠాలు చెప్పేవాడు, నేను అంట్లు తోముతుంటే.

నిన్న నా పిలుపుకి బావ వేలు తడబడింది. కారు గోడని రాసుకుంది. చెంప పగలగొట్టాడు. జుట్టు పట్టుకుని తలని గుమ్మానికేసి బాదాడు. కిందపడితే చేతిమీద కాలేసి తొక్కాడు. ఎముక విరిగిన చప్పుడు నాకు వినపడింది. నోట్లో రక్తం ఉప్పగా తగులుతుంటే, కాసేపటికి మంచం మీంచి మళ్ళీ ఆ కారు రొద మొదలైంది. పోయేలా ఉన్నాను బావా అంటే సౌండు పెంచాడు.

రాత్రి నుంచీ ఆ రొదే నన్ను తొలిచేస్తోంది. గోడకి రాసుకున్న కారుని వదిలేసి నా మీదికొచ్చాడే, అది గుద్దుకోకుండా మళ్ళీ ఎలా పరుగెత్తింది? అప్పుడు గుర్తొచ్చింది. నా మీదికి లేచే ముందు వాడు పాజ్ నొక్కాడు. మిషన్ని దిండు మీద మెల్లగా పెట్టాడు, అద్దం పైకి ఉండేలా. ఆ తర్వాతే చెయ్యెత్తాడు.

డాక్టరమ్మ నా చెయ్యి పట్టుకుంది. "ఎలా విరిగిందమ్మా?"

"షెడ్డులో జారిందండీ," అంది అత్త.

"కాదండీ. మా ఆయన తొక్కాడు."

"కోపంలో తెలీకండీ! వాడు మంచోడే..."

"ఊరుకో అత్తా," అన్నాను. జీవితంలో మొదటిసారి అత్తని కసిరాను. "తెలిసే తొక్కాడండీ. కారు పాడవకుండా ముందు ఆట ఆపుకుని, మరీ వచ్చి తొక్కాడు. పోలీసులకి కూడా ఇదే చెప్తాను. రాసుకోండి."