సొరుగులో లైటు ముక్క

తమ్ముణ్ణి గుద్దేసి పోయిన కారు ఎవరిదో తేలాలి. టైలరమ్మకు కావలసింది అంతే. ఎనిమిది నెలలుగా ఆమె కోర్టు మెట్లెక్కి దిగుతున్నది అందుకే. పదిహేను రోజులకోసారి కనిపిస్తుంటే అక్కడి బంట్రోతులు ఆమెకు వాయిదాలక్క అని పేరు కూడా పెట్టేశారు.

పోలీసులు పట్టించుకోవడం లేదని ఆమె మొరపెట్టుకుంటే, జడ్జిగారు నిజంగానే పట్టించుకున్నారు. దర్యాప్తు ఎంతవరకు వచ్చిందో పదిహేను రోజులకోసారి రాసి చూపించమని ఇన్‌స్పెక్టరును ఆదేశించారు. ఇక చూడండి, స్టేషన్లో ఊపిరి సలిపితే ఒట్టు. దర్యాప్తుతో కాదండోయ్, నివేదికతో. స్టేషను రైటరు చేతిరాత ముచ్చటగా ఉంటుంది. పాత నివేదిక ముందు పెట్టుకుని, తేదీ మార్చి, పొల్లుపోకుండా దించేవాడు. ఒక్క గడువూ దాటనివ్వలేదు. ఆ క్రమశిక్షణకు జడ్జిగారు ఓసారి మెచ్చుకున్నారు కూడా.

కోర్టు భాష టైలరమ్మకు కొరుకుడుపడదు. లాయరును అడిగితే అంతా సవ్యంగానే నడుస్తోందనేవాడు. చివరికి జడ్జిగారే ఒక నకలు ఆమెకు ఇప్పించారు. ఇంటికొచ్చి మరదలి చేత చదివించుకుంది.

మరదలు చదువుతూ చదువుతూ ఆగింది. "వదినా, కారు లైటు ముక్కని ల్యాబుకి పంపారట. ఫలితం రావాలట."

టైలరమ్మ కుట్టు మిషను సొరుగు లాగింది. దారపు కండెల వెనక, లైనింగు గుడ్డలో చుట్టిన లైటు ముక్క ఎక్కడిదక్కడే ఉంది.

తమ్ముడు పోయిన రోజున రోడ్డు మీద దాన్ని ఏరి స్టేషనుకు పట్టుకెళ్లింది ఆమే. ఇన్‌స్పెక్టరు లేడు, బీరువా తాళం ఆయన జేబులో ఉంది. ఇంట్లోనే జాగ్రత్తగా పెట్టుకోమనీ, తామే వచ్చి తీసుకుంటామనీ రైటరు చెప్పాడు. తర్వాత రెండుసార్లు వెళ్లి అడిగినా అదే మాట. పోలీసు మాట కదా అని పిచ్చిది దాన్ని కంటికి రెప్పలా కాపాడింది.

తర్వాతి వాయిదాలో ఆ గుడ్డ విప్పి జడ్జిగారి ముందు పెట్టింది.

"అయ్యా, వీళ్లు ల్యాబుకి పంపామన్న ముక్క ఇదేనండి. ఎనిమిది నెలల్నుంచీ నా మిషను సొరుగులోనే ఉంది. దీని మీద ఏవో నెంబర్లు కూడా ఉన్నాయి, చూడండయ్యా."

ఇన్‌స్పెక్టరు రైటరు వైపు చూశాడు. రైటరు ఫ్యాను వైపు చూశాడు. జడ్జిగారు ఇద్దరినీ కడిగిపారేసి, ముక్కను వెంటనే స్వాధీనం చేసుకోమన్నారు. ఇకమీదట నివేదిక వారానికొకటి ఇవ్వాలన్నారు. ఆ రోజు టైలరమ్మ ఇంటికొచ్చి తమ్ముడి ఫొటో ముందు కూర్చుని కరువుతీరా ఏడ్చింది.

మూడో రోజుకే గుమ్మం ముందు జీపు ఆగింది. ఇంట్లో ఉన్న రెండు కుర్చీలూ ఆమె సంతోషంగా లాగి వేసింది. వాళ్లు సొరుగు బోర్లించారు, కండెలు లెక్కపెట్టారు, మిషనుకు ఫొటోలు తీశారు. ప్రమాదం జరిగినప్పుడు నువ్వెక్కడున్నావని రైటరు గుచ్చిగుచ్చి అడిగాడు. ఇదేదో తేడాగా ఉందని మరదలు చెవిలో గొణిగింది. ఇన్నాళ్లకు కదిలారు కదే, నోరు మూసుకోమని టైలరమ్మ ఆమెనే కసిరి, అందరికీ మంచినీళ్లు ఇచ్చింది.

వారం తిరిగేసరికి పాత జడ్జిగారికి బదిలీ అయింది. కొత్తాయన చేతికి నివేదిక వచ్చింది. పాపం, రైటరు ఈసారి దేన్నీ చూసి దించలేదు. కీలక సాక్ష్యాన్ని ఎనిమిది నెలలు ఇంట్లో దాచిన మహిళను గుర్తించామనీ, ఆమె ఇల్లు సోదా చేశామనీ, చర్యకు అనుమతి కోరుతున్నామనీ సొంతంగా రాశాడు. కొత్త జడ్జిగారు కాగితాలు తిరగేసి, ఇన్నాళ్లకు పురోగతి కనిపిస్తోందన్నారు.

పురోగతి అన్న మాట మాత్రం టైలరమ్మకు అర్థమైంది. మొహం వెలిగిపోతుండగా వరండాలో లాయరును పట్టుకుని, దొరికాడా అని అడిగింది. అంతా సవ్యంగానే ఉందని లాయరు ఈసారి అనలేదు. బెయిలుకు పూచీ నిలబడేవాళ్లెవరైనా ఉన్నారా అని మెల్లగా అడిగాడు.

"మా తమ్ముణ్ణి చంపినోడికి మనమెందుకండీ పూచీ?"

"వాడికి కాదమ్మా. మీకు."