నాకు జర రాయి

నేను ఒక గ్లిజరిన్ సీసాను. బొటనవేలంత ఉంటాను. పగిలిన పెదాలకూ మడమలకూ పనికొస్తానని ఒంటిమీద చీటీ అంటించి ఫ్యాక్టరీ నుంచి పంపారు. నా ఖర్మ కాలి సినిమావాళ్ల చేతిలో పడ్డాను.

మొదట ఒక మేకప్‌మ్యాన్ పెట్టెలో ఉన్నాను. కంటి కింద నన్ను కాస్త రాస్తే చాలు, కన్నీళ్లు ధారకట్టేవి. 'కట్' అనగానే ఆ ఏడ్చినవాళ్లే ఇడ్లీలోకి కారప్పొడి రాలేదని దెబ్బలాడేవారు. మనుషుల ఏడుపు మీద నాకు అప్పుడే నమ్మకం పోయింది.

తరవాత ఇందుమతిగారు నన్ను తన హ్యాండ్‌బ్యాగులో వేసుకున్నారు. తెరమీద ఆమెవన్నీ అమ్మ వేషాలే. కొడుకుల శవాల మీద పడి ఏడవడమే ఉద్యోగం. షూటింగ్ లేని రోజున మాత్రం బస్తీల్లోనో, ధర్నాచౌక్‌లోనో ఉండేవారు. ఇలాగైతే వేషాలు పోతాయని మేనేజరు నెత్తీనోరూ కొట్టుకునేవాడు. నిజంగానే కొన్ని పోయాయి. అయినా ఆమె మానలేదు.

ఆ వేసవిలో రాజలింగం అనే పారిశుద్ధ్య కార్మికుడు మ్యాన్‌హోల్లో ఊపిరాడక చనిపోయాడు. అతన్ని దింపిన కాంట్రాక్టరు మీద కేసు పెట్టించాలని భార్య బాలమణి తిరగని ఆఫీసు లేదు. తాగి పడ్డాడని రాసేసి అందరూ చేతులు దులుపుకున్నారు. ఇందుమతిగారు ఆమెను విలేకరుల ముందుకు తీసుకొచ్చి, జరిగింది చెబుతూ చెబుతూ భోరుమన్నారు. నేను బ్యాగులోనే ఉన్నాను. నన్నెవరూ తాకలేదు, ఒట్టు. నా సాయం లేకుండా ఆమె ఏడవగా చూడడం నాకదే మొదలు.

కళ్లు తుడుచుకుందామని ఆమె రుమాలు లాగారు. దాంతోపాటు నేనూ బయటపడి, బల్లమీద దొర్లి, సరిగ్గా మైకుల ముందు ఆగాను.

సాయంత్రానికి ప్రతి టీవీలోనూ నేనే, నా చుట్టూ ఎర్ర గీత. గ్లిజరిన్ ఏడుపని ఒకటే నవ్వులు. రాజలింగం పేరు ఎత్తినవాడు లేడు. ఎన్నో దొంగ ఏడుపులకు పనికొచ్చాను. ఈ ఒక్క నిజం ఏడుపుకి సాక్ష్యం చెబుదామంటే నాకు నోరు లేదు. ఎంత గింజుకున్నా ఏం లాభం?

మర్నాడు ఇందుమతిగారు బాలమణి ఇంటికి వెళ్లి, తన వల్లే కేసు పాడైందని తల వంచుకున్నారు. బాలమణి చాప పరిచి కూర్చోబెట్టింది. ఇంకో చానల్ వాళ్లు వస్తున్నారని చెప్పింది. మొన్న వచ్చినవాళ్లు, మొగుడు పోయినదానిలా లేదేంటని ఆమెనే అనుమానించి పోయారట. ఆ సంగతి చెప్పి, మెల్లగా అడిగింది.

"అక్కా, ఆ సీసా ఉన్నదా? నాకు జర రాయి. ఏడ్చి ఏడ్చి కండ్లల్ల నీళ్లు అయిపోయినయ్. ఏడ్వకుంటే ఎవ్వలు నమ్ముతలేరు."

ఇందుమతిగారు నన్ను తీశారు. మూత తిప్పబోయి, తిప్పలేక, గుప్పిట్లో బిగించి పట్టుకున్నారు. బయట చానల్ బండి ఆగిన చప్పుడైంది. బాలమణి చాప మీద ముందుకు జరిగి, మొహం పైకెత్తి, కళ్లు మూసుకుంది.