సోలాంజ్ వెంట వచ్చే నవ్వులు

సోలాంజ్ రోజూ పొద్దున్న ఏడున్నరకి మాంట్రియాల్‌లోని వెర్డన్ పేటలో రొట్టెల కొట్టుకి వెళ్తుంది. "ఒక రొట్టె, కాస్త వెన్న," అంటుంది. వెంటనే వందమంది నవ్వుతారు. కొట్టులో ఆమె, కౌంటరు దగ్గరి పిల్ల తప్ప ఎవరూ ఉండరు. ఆ పిల్ల నవ్వు తగ్గేదాకా ఆగి రొట్టె చుట్టి ఇస్తుంది, వానొస్తే గొడుగు తెరిచినంత మామూలుగా.

పదిహేడేళ్ళు సోలాంజ్ టీవీలో పనిమనిషి జెర్మేన్ వేషం వేసింది. ప్రతి గురువారం జనం ముందు ట్రేతో సహా బోర్లా పడింది. కార్యక్రమం ఆగిపోయినా నవ్వులు ఆమెని వదల్లేదు. బస్సెక్కితే నవ్వు. పళ్ళడాక్టరు ముందు నోరు తెరిస్తే నవ్వు. తల్లి ఫెర్నాండ్‌ని సాగనంపిన రోజు చర్చిలో ఫాదర్ నవ్వు వచ్చినప్పుడల్లా ప్రార్థన ఆపి, అది తగ్గాక మళ్ళీ అందుకున్నాడు. పోనీ నోరు మూసుకు నిలబడితే నవ్వు ఇంకా ఎక్కువ. ఇప్పుడు పడుతుంది చూడమని!

ఆడది ఒకసారి పడి నవ్వించిందంటే, ఆ తర్వాత లేచి నిలబడ్డా ఎవరూ నమ్మరు.

యాభయ్యారో ఏట ఆమె దర్శకురాలైంది. ముప్పయ్యేళ్ళు లాండ్రీలో ఊళ్ళో మగాళ్ళ చొక్కాలు ఇస్త్రీ చేసిన తల్లి మీద సినిమా. ఫెర్నాండ్ గురువారాలు పని నుంచి నేరుగా స్టూడియోకి వచ్చి మొదటి వరుసలో కూర్చునేది. కూతురు పడినప్పుడు ఆవిడొక్కతే నవ్వేది కాదు. ఊపిరి బిగబట్టేది.

తల్లి బతికిన అద్దె వాటాలోనే షూటింగు. రెండు వారాలైంది. నవ్వు పడకుండా ఒక్క షాటు రాలేదు.

నిర్మాత రెజాన్ బూట్లకంటిన మంచైనా దులపకుండా లోపలికొచ్చాడు.

"ఇలా విను బంగారం." ఇరవయ్యేళ్ళ పిల్లనైనా, ఈమెనైనా అతను పిలిచేది అలాగే. "నిన్ను చూస్తే జనం నవ్వుతారు. అదొక వరం. కామెడీ చేసేద్దాం. రేపట్నుంచి మన కామెడీ డైరెక్టరు ఫిలిప్ తీస్తాడు. నువ్వు ట్రే పట్టుకో."

గది ఘొల్లుమంది.

"మా అమ్మ పట్టుకున్నది ట్రే కాదు, ఇస్త్రీపెట్టె," అంది సోలాంజ్.

మళ్ళీ ఘొల్లు.

"చూశావా? నువ్వేమన్నా జోకే!"

"ముందు నా నిమిషం నాకివ్వండయ్యా," అంది శబ్దం రికార్డు చేసే అమ్మాయి మోడ్, హెడ్‌ఫోన్లు సర్దుకుంటూ. ఏ గదిలో తీసినా, విడిచే ముందు అందరూ కదలకుండా నిలబడాలి. ఖాళీ గది చప్పుడు ఒక నిమిషం పట్టుకోవాలి. సినిమాలో మాటల్లేని చోటల్లా పరిచేది దాన్నే.

"ఆ నిమిషంలో నవ్వు పడకపోతే సినిమా నీది," అన్నాడు రెజాన్ వాచీ చూసుకుంటూ. "పడితే ఫిలిప్‌ది."

అందరూ కొయ్యబారిపోయారు. నిమిషం ఇంకా మొదలవకముందే ఎవరో కిసుక్కుమన్నారు. సోలాంజ్ కళ్ళు మూసుకుంది. ఇన్నేళ్ళూ ఆ నవ్వు నుంచి పారిపోవడమే గాని, చెవిపెట్టి విన్నది లేదు. ఇప్పుడు విన్నది. ఒక దగ్గు. కుర్చీ కిర్రుమనడం. నడుము నొప్పెట్టి ఎవరో అటూ ఇటూ కదలడం.

కార్యక్రమం ఆఖరి గురువారం గుర్తొచ్చింది. మంచువానకి మధ్యలో కరెంటు పోయింది. జనాన్ని టార్చిలైట్లతో హడావిడిగా బయటికి పంపారు. ప్రతిసారీ చివర్లో ఫ్లోర్ మేనేజర్ చెప్పే వీడ్కోలు ఆ రోజు చెప్పనేలేదు. అది వినేదాకా కుర్చీ వదలకూడదని జనానికి మొదట్లోనే గట్టిగా చెప్పేవాళ్ళు. మనుషులు పోయారు గాని, నవ్వులు కూర్చునే ఉన్నాయి. పాపం, తనలాగే ఇరుక్కుపోయి.

ఆమె గోడవైపు తిరిగింది.

"అయిపోయిందండీ. చాలా థాంక్సు. కోట్లు మర్చిపోకండి. బయట మెట్లు జారుతున్నాయి, పట్టుకుని దిగండి."

ఎవరూ నవ్వలేదు. కుర్చీలు జరిగాయి. జిప్పులు బర్రుమన్నాయి. బూట్ల చప్పుడు ఇనప మెట్లు దిగి వీధిలోకి పోయింది. రెజాన్ ఎవరికో దారిచ్చి పక్కకి జరిగాడు.

"నిమిషం మొదలు," అంది మోడ్.

నిమిషం గడిచింది.

"నవ్వు లేదు. కానీ ఒకరు ఉండిపోయారు సోలాంజ్. మొదటి వరుసలో అనుకుంటా. మళ్ళీ తీద్దామా?"

"వద్దు. ఆవిణ్ణి ఉండనీ."

రెజాన్ వాచీ మీదికి చొక్కా చెయ్యి లాక్కున్నాడు. "సరే, సోలాంజ్," అన్నాడు.

మోడ్ హెడ్‌ఫోన్లు తీసి ఆమె చెవులకి పెట్టింది. ఏళ్ళ తరబడి బిగబట్టిన ఊపిరిని ఎవరో మెల్లగా వదులుతున్నారు.