గుమ్మంగారి హీరో వేషం

నాటకాల్లో ఆయన వేసినవన్నీ నౌకరు వేషాలే. గుమ్మం దగ్గర నిలబడి "అయ్యా, కారు వచ్చింది" అనడం, వెళ్లిపోవడం. అందుకే ట్రూపులో అందరికీ ఆయన గుమ్మంగారు. ఆ ఒక్క ముక్కనైనా జనం వైపు తిరిగి చెప్పే యోగం ఆయనకు పట్టలేదు. హీరోలన్నవాళ్లు మాటల మధ్యలో మెల్లగా స్టేజీ వెనక్కి జరుగుతారు. వాళ్లతో మాట్లాడాలంటే నౌకరు హాలుకి వీపు పెట్టక తప్పదు. జనానికి కనిపించేది హీరో మొహం, నౌకరు వీపు. గుమ్మంగారి పిల్లలైతే చిన్నప్పుడు స్టేజీ మీద నాన్నని వీపుని బట్టే గుర్తుపట్టేవారు.

యాభై దాటాక ఆయనకు చిర్రెత్తుకొచ్చి, తనే ఓ నాటకం రాశాడు. పాత కసంతా అందులో తీర్చుకున్నాడు. నౌకరు నోరు విప్పితే ఇక మూయడు. యజమాని ఇంటి గుట్టంతా వరసపెట్టి విప్పుతుంటే హీరోగారు "అలాగా", "ఓహో", "ఆ తర్వాత?" అంటూ వినాలి, అంతే. రచయిత అన్నాక ముందు వరసలో దర్జాగా కూర్చోవాలని ముచ్చటపడి, నౌకరు వేషం తన స్నేహితుడికిచ్చాడు. అతనూ జన్మంతా స్టేజీ మీద కాఫీలు మోసినవాడే, ట్రూపులో పిల్లలు ట్రే బాబాయ్ అంటారు.

రేపు ప్రదర్శన అనగా హీరో కాగితాలు విసిరికొట్టాడు.

"ఇందులో నేను నటుణ్ణా, సోఫానా?" అని చెప్పులేసుకుని వెళ్లిపోయాడు.

దర్శకుడు తల పట్టుకున్నాడు. "నాటకం మొత్తం నోటికొచ్చినవాడివి నువ్వొక్కడివే. ఆ కోటు నువ్వు తొడుక్కో. రేపు ఆడకపోతే నీ నాటకం ఇంకెవడూ ముట్టుకోడు, చెప్తున్నా."

హీరో కోటు భుజాల దగ్గర వదులు, పొట్ట దగ్గర బిగుతు. అయినా అద్దంలో చూసుకుని గుమ్మంగారు మురిసి ముక్కలయ్యాడు.

తెర లేచింది. ట్రే బాబాయ్ మొదటి మాటకే హాలు నవ్వింది. రెండో మాటకు విరగబడింది. గుమ్మంగారికి లోపల ఎక్కడో కలుక్కుమంది. రాసింది తను, నవ్వులు వాడికా! అది అసూయే, ఇంకో పేరెందుకు. తనకు తెలియకుండానే ఓ అడుగు వెనక్కి వేశాడు. ఆ తర్వాత ఇంకొకటి. ట్రే బాబాయ్ అలవాటు ప్రకారం బుద్ధిగా ఆయన వైపు తిరిగాడు. హాలుకి వీపు.

నవ్వులు ఆగిపోయాయి. ఎవరో దగ్గారు. గుమ్మంగారు నెల్లాళ్లు చెక్కిన జోకు వెనక తెరకు కొట్టుకుని అక్కడే చచ్చింది. తన నాటకం పీక తనే నులుముతున్నాడని ఆయనకు అప్పుడు తెలిసింది.

ట్రే బాబాయ్ మొహం ఇప్పుడు ఆయనొక్కడికే కనిపిస్తోంది. చెమటలు కారుతున్నాయి, నవ్వు మాత్రం చెదరలేదు. నేనేం తప్పు చేశానన్నట్టున్నాయి కళ్లు. గుమ్మంగారికి సిగ్గుతో చచ్చినంత పనైంది.

కుర్చీ ఈడ్చుకుంటూ స్టేజీ అంచుకి వచ్చాడు. హాలుకి వీపు పెట్టి కూర్చున్నాడు.

"ఆ తర్వాత?" అన్నాడు.

ట్రే బాబాయ్ ఇటు తిరిగాడు. హాలు మొత్తం ఎదురుగా కనిపించేసరికి ఓ క్షణం బిత్తరపోయాడు. తర్వాత అందుకున్నాడు చూడండి, ఇక పట్టపగ్గాల్లేవు. గుమ్మంగారు నవ్వు ఆపుకోలేక కుర్చీలో ఊగిపోతుంటే, ఆ భుజాలు చూసి జనం ఇంకా నవ్వారు.

నాటకం అయ్యాక భార్య మేకప్ గదిలోకి వచ్చింది.

"పెళ్లయినప్పట్నుంచి చూస్తున్నాను, మీరింత బాగా చెయ్యడం ఇదే మొదటిసారండీ."

"నా మొహం కనబడితేగా!"

"అందుకేనేమో," అంటూ ఆవిడ ఆ బిగుతు కోటు గుండీలు విప్పింది. ఆయన హాయిగా ఊపిరి పీల్చుకున్నాడు.